కడుపు, పొట్ట, ఉదరం: ‘మార్చి రాయండి’ అన్నప్పుడు మార్చవలసింది ఏమిటి?

వరి సాగు గురించి రైతులకు పంచే కరపత్రాల్లో ఇలాంటి వాక్యాలు మామూలుగా కనిపిస్తాయి: “వరి పైరు చిరుపొట్ట దశలో ఉన్నప్పుడు పొలంలో నీరు తగ్గకుండా చూడాలి. ఈ దశలో నీటి ఎద్దడి వస్తే తాలు గింజలు ఎక్కువవుతాయి. కోతకు పది రోజుల ముందు పొలంలోని నీటిని తీసివేయాలి.” ఈ కాగితాన్ని ఎవరి చేతికైనా ఇచ్చి “దీన్ని కొంచెం మార్చి రాయండి” అన్నారనుకుందాం. ఎవరి కోసం మార్చాలో, ఎందుకు మార్చాలో, దేన్ని ముట్టుకోకూడదో చెప్పలేదు. రాసేవారు అడగనూ లేదు. పర్యాయపదాల పట్టిక ముందు పెట్టుకుని ఒక్కో మాటా తీసి మరో మాట పెట్టుకుంటూ పోతే చివరికి తేలేది ఇలా ఉంటుంది: “ధాన్య సస్యం లఘు ఉదర దశలో ఉన్నప్పుడు క్షేత్రంలో జలం క్షీణించకుండా వీక్షించాలి. ఈ ఘట్టంలో జల దారిద్ర్యం సంభవిస్తే శూన్య బీజాలు అధికమవుతాయి. కర్తనానికి దశ దినాల మునుపు క్షేత్రంలోని ఉదకాన్ని తొలగించాలి.”

రెండో పాఠంలో దాదాపు ప్రతి మాటకూ ఏదో ఒక నిఘంటువు సాక్ష్యం చెబుతుంది. పొట్ట అంటే ఉదరమే. చూడటం అంటే వీక్షించడమే. కోత అంటే కర్తనమే. అయినా ఈ మూడు వాక్యాలు చదివి ఏ రైతూ పొలానికి నీరు పెట్టలేడు. ‘పొట్ట దశ’ వరి పైరు ఎదుగుదలలో ఒక మెట్టుకు రైతులు పెట్టుకున్న పేరు. గింజలు పట్టే వెన్ను బయటికి రాకముందు కాండం లోపలే ఎదుగుతూ, పైన ఆకు తొడుగు ఉబ్బి కనిపిస్తుంది కాబట్టి ఆ పేరు వచ్చింది. అది శరీర భాగాన్ని గుర్తుకు తెచ్చే పోలికే, కానీ పోలిక ఒకసారి పేరుగా స్థిరపడ్డాక అందులోని మాటను మార్చడానికి వీలుండదు. ‘తగ్గకుండా చూడాలి’లో ఉన్న ‘చూడు’ కంటితో చేసే పని కాదు, బాధ్యత తీసుకోమని చెప్పే క్రియ. ‘వీక్షించు’కు ఆ శక్తి లేదు. ఇక ‘దశ దినాలు’ అనగానే తెలుగువారికి గుర్తొచ్చేది చనిపోయినవారికి చేసే దశదిన కర్మ. పది అనే అంకె అలాగే ఉంది, మాట మాత్రం పొలం నుంచి కర్మకాండలోకి వెళ్లిపోయింది.

ఈ పొరపాటుకు రాసినవారిని ఒక్కరినే తప్పుపట్టడం న్యాయం కాదు. ‘మార్చి రాయండి’ అనే మాటలో నాలుగైదు వేర్వేరు పనులు దాక్కుని ఉంటాయి. కఠినంగా ఉన్నదాన్ని తేలిక చేయమని అర్థం కావచ్చు. పొడుగ్గా ఉన్నదాన్ని కుదించమని కావచ్చు. గ్రాంథికంలో ఉన్నదాన్ని వాడుక భాషలోకి తెమ్మని, కాగితం మీది వ్యాసాన్ని రేడియోలో చదవడానికి వీలుగా తిప్పమని, లేదా ఇంకొకరి రాత నుంచి తీసుకున్నదాన్ని నకలుగా కనిపించకుండా చేయమని కూడా కావచ్చు. చివరి పని నిజాయితీ గలది కాదు. కానీ ఆ ఉద్దేశంతో ఈ మాట వాడేవారు తక్కువేమీ లేరు. సూచన ఇంత వదులుగా ఉన్నప్పుడు, రాసేవారు అన్నింటికంటే తేలికగా కొలవగలిగే పనిని ఎంచుకుంటారు. ఎన్ని మాటలు మారాయో లెక్కపెట్టవచ్చు, చూపించవచ్చు. అర్థం ఎంత స్పష్టపడిందో లెక్కపెట్టడానికి వీల్లేదు. అందుకే దారి తెలియని చోట చెయ్యి ముందుగా పర్యాయపదాల వైపే వెళ్తుంది.

ఈ అలవాటు చాలామందికి బడిలోనే పడుతుంది. ప్రశ్నపత్రం “సొంతమాటల్లో రాయండి” అంటుంది. సొంతమాట అంటే ఏమిటో పిల్లలకు విడమరిచి చెప్పే సందర్భాలు తక్కువ. పదో తరగతి తెలుగు పరీక్షలో పర్యాయపదాలకు విడిగా మార్కులుంటాయి. ఒక పదానికి రెండు మూడు సమానార్థకాలు రాస్తే చాలు. అక్కడ పర్యాయపదం అంటే ఒకదాని స్థానంలో ఇంకొకటి పెట్టగలిగే మాట అన్న నమ్మకం కుదురుతుంది. అదే నమ్మకంతో విద్యార్థి పాఠంలోని వాక్యాన్ని తీసుకుని, ‘చెట్టు’ను ‘వృక్షం’ చేసి, ‘అడవి’ని ‘అరణ్యం’ చేసి, వాక్య నిర్మాణాన్ని ముట్టుకోకుండా వదిలేస్తే, తన మాటల్లోనే రాశానని నిజంగా అనుకుంటాడు. ఆ వాక్యంలో అతని ఆలోచన ఒక్క చుక్క కూడా లేదని చెప్పేవారు ఉండరు.

ఈ లోపానికి మందు తెలుగు పాఠంలోనే ఉంది. పద్యాన్ని చదివించే సంప్రదాయంలో మూడు మెట్లున్నాయి. మొదటిది ప్రతిపదార్థం: ఒక్కో పదానికీ పక్కన దాని అర్థం. రెండోది అన్వయం: పద్యంలో ఛందస్సు కోసం చెల్లాచెదురైన మాటలను కర్త, కర్మ, క్రియల వరసలో కూర్చోబెట్టడం. మూడోది తాత్పర్యం: మొత్తం పద్యం ఏమి చెబుతోందో దాన్ని అర్థం చేసుకున్న మనిషి తన వాక్యంలో చెప్పడం. ప్రతిపదార్థాలన్నీ వరసగా కలిపి చదివితే తాత్పర్యం రాదని పద్యం చదువుకున్న ప్రతి ఒక్కరికీ తెలుసు. అయినా వచనం తిరగరాసేటప్పుడు ఆ తెలివిడి ఎందుకో పక్కకు పోతుంది. పర్యాయపదాలతో చేసే తిరగరాత ప్రతిపదార్థం దగ్గరే ఆగిపోయిన పని. దాన్ని తాత్పర్యంగా చెలామణి చేయడమే అసలు తప్పు.

అసలు పర్యాయపద నిఘంటువులు ఎందుకు పుట్టాయో చూస్తే ఈ విషయం ఇంకా తేటపడుతుంది. సంస్కృత పర్యాయపద నిఘంటువైన అమరకోశాన్ని తరతరాలు వల్లె వేసింది ముఖ్యంగా పద్యం రాయడానికి, చదవడానికి. యతి కుదరాలంటే ఒక అక్షరంతో మొదలయ్యే మాట కావాలి, ప్రాస కుదరాలంటే రెండో అక్షరం కలవాలి, గణం కుదరాలంటే గురు లఘువులు ఒక లెక్కలో పడాలి. అందుకని ఒకే వస్తువుకు పది పేర్లు చేతిలో ఉండటం కవికి అవసరం. పైడిపాటి లక్ష్మణకవి ఆంధ్రనామసంగ్రహం లాంటి పద్య నిఘంటువులు అచ్చతెలుగు మాటలకు అదే సేవ చేశాయి. అమరకోశం నీటికి చెప్పిన పేర్లలో జలం, సలిలం, వారి, పయస్సులతో పాటు అమృతం, జీవనం, భువనం, వనం కూడా ఉన్నాయి. సంస్కృత కావ్యంలో సందర్భం తోడుగా ఉంటే ‘వనం’ నీరే అవుతుంది. తెలుగు వార్తలో “ప్రాజెక్టులోకి వనం వచ్చి చేరింది” అని రాస్తే ఆ మాటను ఏ నిఘంటువూ కాపాడలేదు. నిఘంటువు చెప్పేది ఒక మాటకు ఏయే అర్థాలు ఉండగలవో. ఈ వాక్యంలో ఏ మాట నిలుస్తుందో చెప్పడం దాని పని కాదు.

ఆ రెండో పనికి మన అలంకారికులు, అంటే కావ్యం అందాన్ని వివరించే శాస్త్రం రాసినవారు, ఒక పరీక్షనే తయారుచేశారు. సుమారు 1200 ఏళ్ల కిందట కశ్మీరులో వామనుడు కావ్యంలో ‘శబ్దపాకం’ అంటే ఏమిటో చెబుతూ, పదాలు ‘పరివృత్తి సహిష్ణుత’ను వదులుకున్న స్థితి అన్నాడు. పరివృత్తి అంటే మార్పిడి, సహిష్ణుత అంటే ఓర్పు. ఒక మాటను తీసి దాని పర్యాయాన్ని పెడితే ఆ చోటు ఓర్చుకోలేకపోతే, అక్కడ రచన పండింది అని ఆయన తీర్పు. తర్వాతి కాలపు అలంకారికుడు మమ్మటుడు ఇదే గీటురాయితో అలంకారాలను విడదీశాడు. మాట మార్చినా నిలిచే అందం అర్థానిది, మార్చగానే పోయే అందం శబ్దానిది. “సూర్యుడైనా రాజైనా కరాలతోనే లోకాన్ని ఆక్రమిస్తాడు” అన్న వాక్యాన్ని తీసుకుంటే, ‘కరం’ అంటే కిరణం, పన్ను, చెయ్యి. దాన్ని ‘చేతులతో’ అని మారిస్తే సూర్యుడు తప్పుకుంటాడు, ‘కిరణాలతో’ అంటే రాజు తప్పుకుంటాడు. ఓరుగల్లులో కాకతీయ ప్రతాపరుద్రుని ఆస్థానంలో ఉన్న విద్యానాథుడు పదాల మధ్య ఉండే పరస్పర మైత్రిని ‘శయ్య’ అన్నాడు. మైత్రి అన్న మాట ఎంతో ఆలోచించి వేసినది. ఒక పదం తన పక్కనున్న పదాలతో స్నేహంగా ఉందా లేదా అన్నదే ప్రశ్న. కొత్తగా తెచ్చిపెట్టిన పదం ఎంత గొప్పదైనా ఆ స్నేహం దానికి వెంటనే రాదు.

పేరును ఊరికే మార్చకూడదని చెప్పే అలంకారం కూడా ఒకటి ఉంది. దాని పేరు పరికరాంకురం. విశేష్యాన్ని, అంటే పేరునే, ఒక ఉద్దేశంతో ఎంచుకోవడం దాని లక్షణం. నాలుగు పురుషార్థాలను ఇచ్చేవాడు చతుర్భుజుడు అన్నది అలంకార శాస్త్రంలో చెప్పే ఉదాహరణ. నాలుగు వరాలకు నాలుగు చేతులు. అక్కడ ‘విష్ణువు’ అని మారిస్తే దేవుడు మారడు, చెప్పదలచుకున్నది మాత్రం పోతుంది. కావ్యానికే పరిమితమైన సూక్ష్మంగా ఇది కనిపించవచ్చు. కానీ పత్రికలో “ఆ గ్రామ సర్పంచి, ఇద్దరు పిల్లల తల్లి” అని రాసినప్పుడు కూడా రాసినవారు ఒక ఉద్దేశంతోనే ఆ పేర్లు ఎంచుకుంటారు. తిరగరాసేవారు ‘మహిళ’ అని సరిపెడితే ఆ ఉద్దేశం తుడిచిపెట్టుకుపోతుంది.

పాత శాస్త్రాన్ని పక్కన పెట్టి ఇంట్లో రోజూ వాడే ఒక్క మాటను దగ్గరగా చూసినా చాలు. కడుపు, పొట్ట, ఉదరం ఈ మూడూ ఒకే అవయవానికి పేర్లని ఎవరైనా చెబుతారు. ‘కడుపు నిండింది’, ‘పొట్ట నిండింది’ రెండూ చెల్లుతాయి. ‘ఆమె కడుపుతో ఉంది’ అంటే గర్భవతి అని. ‘పొట్టతో ఉంది’ అంటే ఆ అర్థం రాదు, వినేవారికి నొప్పి కలిగించే ఇంకో అర్థం వస్తుంది. ‘కడుపు మండింది’ అంటే అన్యాయం చూసి రగిలిపోవడం. ‘ఉదరంలో మంట’ అంటే వైద్యుడి దగ్గరికి వెళ్లాల్సిన సంగతి. బిడ్డను పోగొట్టుకున్న తల్లిది ‘కడుపుకోత’. ఆ మాటలో ‘కడుపు’ను కదిపితే తల్లి దుఃఖం మొత్తం కదిలిపోతుంది, ఆ స్థానంలో శస్త్రచికిత్స కనిపిస్తుంది. పని దొరక్క ఊరు విడిచి వెళ్లినవారు ‘పొట్ట చేతపట్టుకుని’ వెళ్తారు. అక్కడ కడుపు పనికిరాదు. జీర్ణాశయ వైద్యంలో ‘ఉదరకోశ వ్యాధులు’ అన్న పేరు స్థిరపడింది, ‘పొట్టకోశం’ అనరు. మూడు మాటలు ఒక అవయవం దగ్గర కలుస్తాయి, అక్కడి నుంచి మూడు దారుల్లో వెళ్తాయి. కడుపు తల్లితనం వైపు, ఆవేదన వైపు. పొట్ట కూటి వైపు, బతుకుతెరువు వైపు. ఉదరం వైద్యం వైపు, పుస్తకం వైపు. ఏ వాక్యం ఏ దారిలో ఉందో గమనించకుండా మాట మార్చడం అంటే చదివేవారిని ఇంకో దారిలో వదిలేసి రావడమే.

తెలుగులో ఈ ప్రమాదం ఎక్కువ కావడానికి వ్యాకరణం కూడా ఒక కారణం. మాట మారితే దాని వెంట క్రియ మారాలి, వచనం మారాలి, గౌరవం మారాలి. ‘పాలు పొంగాయి’ బహువచనం, ‘క్షీరం పొంగింది’ ఏకవచనం. ‘వడ్లు తడిశాయి’, ‘ధాన్యం తడిసింది’. ఒక్క నామవాచకాన్ని మార్చి క్రియను వదిలేస్తే ‘ధాన్యం తడిశాయి’ అన్న వాక్యం మిగులుతుంది. యంత్రాలతో తిరగరాసిన పాఠాల్లో ఇలాంటి వాక్యాలు ఇప్పుడు తరచుగా కంటపడుతున్నాయి. భార్య అన్నచోట సతీమణి అని పెడితే ‘వచ్చింది’ కూడా ‘వచ్చారు’ కావాలి. ఆ వాక్యం పెళ్లి శుభలేఖలోదో, సన్మాన పత్రంలోదో అయితే సరే. ఇద్దరి మధ్య తగవు గురించి రాసిన కథనంలో అయితే ఆ గౌరవం ఎబ్బెట్టుగా ఉంటుంది. సమాసం లోపలి మాటను మార్చడం ఇంకా చెడ్డది. ‘జలాశయం’లో జలానికి బదులు నీరు పెట్టడం కుదరదు. ‘కన్నీరు’లో నీరు తీసి సలిలం పెట్టడం అంతకంటే కుదరదు. సంస్కృత పదానికి సంస్కృత పదంతో, తెలుగు పదానికి తెలుగు పదంతో పొత్తు కుదిరినంత తేలికగా ఒకదానితో ఒకటి కుదరవు. అది పండితులు విధించిన కట్టుబాటు మాత్రమే అనుకుంటే పొరపాటు. చెవి కూడా అదే చెబుతుంది.

మరణ వార్త రాసేటప్పుడు ఈ చిక్కు మనుషుల మనసుల్ని తాకుతుంది. చనిపోయారు, మరణించారు, కన్నుమూశారు, కాలం చేశారు, పరమపదించారు, శివైక్యం చెందారు, ప్రభువునందు నిద్రించారు, అమరులయ్యారు, అసువులు బాశారు. పట్టికలో వేస్తే ఇవన్నీ ఒకే అర్థం కిందికి వస్తాయి. ‘పరమపదించారు’ వైష్ణవుల మాటగా మొదలైంది, ‘శివైక్యం’ శైవులది, ‘ప్రభువునందు నిద్రించడం’ క్రైస్తవ కుటుంబాల సంతాప పత్రికల్లోది. ‘అమరులయ్యారు’ అన్నవారు చనిపోయినవారి పక్షాన నిలబడ్డారని, ‘హతమయ్యారు’ అన్నవారు ఎదుటి పక్షాన ఉన్నారని చదివేవారు వెంటనే గ్రహిస్తారు. ఒకే మాట రెండుసార్లు రాకూడదన్న నియమం పెట్టుకుని మొదటి పేరాలో ‘మరణించారు’, రెండో పేరాలో ‘హతమయ్యారు’, మూడో పేరాలో ‘అమరులయ్యారు’ అని రాస్తే ఒకే వార్త మూడు పక్షాలు మారినట్టవుతుంది.

పునరుక్తి దోషమన్న ఆ నియమమే కోర్టు వార్తల్లో ఇంకా పెద్ద హాని చేస్తుంది. అనుమానితుడు, నిందితుడు, దోషి, నేరస్థుడు పర్యాయపదాలు కావు. అనుమానితుడి మీద అనుమానం మాత్రమే ఉంది. నిందితుడి మీద ఆరోపణ ఉంది. దోషి అని చెప్పగలిగేది న్యాయస్థానం ఒక్కటే. ‘నిందితుడు’ అన్న మాట మూడుసార్లు వచ్చిందని నాలుగోసారి ‘నేరస్థుడు’ అని మార్చిన చెయ్యి, తీర్పు రాకముందే తీర్పు చెప్పేసింది. ‘అదుపులోకి తీసుకున్నారు’, ‘అరెస్టు చేశారు’ అన్న మాటల మధ్య కూడా అంతే దూరం ఉంది. అరెస్టు అనగానే రాజ్యాంగం 22వ అధికరణ చెప్పిన నియమం వెంట వస్తుంది: 24 గంటల్లోగా మేజిస్ట్రేటు ముందు హాజరుపరచాలి. పోలీసులు అరెస్టు చూపించలేదని ఒక కుటుంబం గోడు వెళ్లబోసుకుంటున్నప్పుడు, వారి మాటను ‘అరెస్టు’ అని తిరగరాస్తే వారి ఫిర్యాదే మాయమైపోతుంది.

ఈ విషయంలో దస్తావేజు లేఖరుల దగ్గర నేర్చుకోవలసింది ఉంది. స్థిరాస్తి అమ్మకం కాగితంలో ‘సదరు ఆస్తి’, ‘సదరు షెడ్యూలు ఆస్తి’ అని పదేపదే వస్తుంది. చదవడానికి విసుగ్గానే ఉంటుంది. కానీ మొదటి పేజీలో చెప్పిన ఆస్తి, చివరి పేజీలో చెప్పిన ఆస్తి ఒకటేనని ఆ విసుగే హామీ ఇస్తుంది. ఒకచోట స్థలం, ఇంకోచోట భూమి, మరోచోట ప్లాటు అని అందంగా మార్చి రాస్తే ఇరవై ఏళ్ల తర్వాత ఆ మూడూ ఒకటా కాదా అని వాదించడానికి అవకాశం పుడుతుంది. కౌలును ‘అద్దె’ అని మార్చడం కూడా అలాంటిదే. అద్దె ఇంటికి, కౌలు పొలానికి. ‘కౌలు రైతు’ అన్న మాటలో గుర్తింపు కార్డు, పంట రుణం, పరిహారం లాంటి హక్కుల పోరాటమంతా ఉంది. ‘అద్దె రైతు’లో అవేవీ లేవు.

స్పష్టత లేని సూచన ఎంత దూరం తీసుకెళ్తుందో విశ్వవిద్యాలయాల్లో కనిపిస్తుంది. గ్రంథచౌర్యాన్ని అరికట్టడానికి విశ్వవిద్యాలయ నిధుల సంఘం (యూజీసీ) 2018లో నిబంధనలు తెచ్చింది. పరిశోధన పట్టా కోసం సమర్పించే సిద్ధాంత గ్రంథంలో ఇతరుల రచనతో పోలిక 10 శాతం దాకా ఉంటే శిక్ష లేదు. 10 నుంచి 40 శాతం ఉంటే ఆరు నెలల్లోగా సవరించి ఇవ్వాలి. 40 నుంచి 60 శాతం అయితే ఏడాది దాకా సవరించి ఇచ్చే అవకాశం ఉండదు. 60 దాటితే రిజిస్ట్రేషనే రద్దవుతుంది. అందరికీ తెలిసిన విషయాలు, యాదృచ్ఛికంగా కలిసే మాటలు వరసగా 14 పదాల దాకా ఉంటే వాటిని లెక్కలోంచి తీసేయమని కూడా నిబంధన ఉంది. నిబంధన ఉద్దేశం మంచిదే. చిక్కు దాన్ని విద్యార్థికి చేరవేసే తీరులో ఉంది. “పోలిక 34 శాతం వచ్చింది, పదిలోపుకు తగ్గించి తీసుకురండి” అని చెప్పి పంపితే, ఏ భాగంలో మూలాన్ని పేర్కొనలేదో, ఏ వాదన తనది కాదో, ఎక్కడ ఉల్లేఖన గుర్తులు పెట్టాలో విద్యార్థికి తెలియదు. తెలిసింది ఒక్క అంకె. ఆ అంకెను తగ్గించడానికి దగ్గరి దారి మాటలు మార్చడం. పోలిక చూసే యంత్రం ముఖ్యంగా పదాల వరసను చూస్తుంది, కాబట్టి మాటలు మారితే అంకె దిగుతుంది. ఇతరుల ఆలోచనను పేరు చెప్పకుండా వాడుకున్న తప్పు మాత్రం అలాగే ఉంటుంది, ఇంకా లోతున దాక్కుంటుంది.

ఆ దారి ప్రపంచమంతా ఎలా పాకిందో 2021లో గియోమ్ కబానాక్, సిరిల్ లబ్బే, అలెగ్జాండర్ మగజినోవ్ అనే ముగ్గురు పరిశోధకులు బయటపెట్టారు. శాస్త్ర పత్రికల్లో అచ్చయిన ఇంగ్లిష్ వ్యాసాల్లో వారికి వింత పదబంధాలు కనిపించాయి. ‘కృత్రిమ మేధ’ అని ఉండాల్సిన చోట ‘నకిలీ చైతన్యం’ అని అర్థమిచ్చే మాటలు. ‘రొమ్ము క్యాన్సర్’ ఉండాల్సిన చోట ‘ఎద ఆపద’ అన్నట్టుగా. ‘మూత్రపిండాల వైఫల్యం’ ఉండాల్సిన చోట ‘మూత్రపిండాల నిరాశ’ అన్నట్టుగా. పోలిక పట్టుబడకుండా ఉండటానికి ఎవరో పాఠాన్ని పర్యాయపదాల యంత్రంలో వేసి తీశారని, ఆ యంత్రానికి శాస్త్ర పరిభాషకూ మామూలు మాటకూ తేడా తెలియక స్థిరపడిన పేర్లను కూడా విరగ్గొట్టిందని వారు తేల్చారు. చిత్రహింస పెట్టిన పదబంధాలు అన్న అర్థం వచ్చే పేరు వాటికి పెట్టారు. ఆ పేరు సరిగ్గా సరిపోయింది. మూత్రపిండాలు పనిచేయడం మానేసిన రోగి గురించి రాసిన వాక్యంలో ‘నిరాశ’ అన్న మాట దూరిందంటే, రాసినవారు గాని, సరిచూసినవారు గాని, అచ్చువేసినవారు గాని ఆ వాక్యాన్ని చదవలేదని అర్థం. వైద్య పరిశోధనలో ఇది క్షమించదగ్గది కాదు. వరి రైతుకు ‘లఘు ఉదర దశ’ అని చెప్పడం కూడా అదే జాతి తప్పు.

ఇప్పటి కృత్రిమ మేధ సాధనాలు ‘నకిలీ చైతన్యం’ లాంటి మోటు తప్పులు చాలావరకు దాటాయి. అయినా “మార్చి రాయి” అని మాత్రమే చెబితే అవీ మనుషులు చేసే పనే చేస్తాయి: మాటలను అటూ ఇటూ జరిపి, బరువైన సంస్కృత పదాలు తెచ్చి, వాక్యాలను ఉబ్బించి పంపుతాయి. “ఇది ఎనిమిదో తరగతి పిల్లలకు”, “ఇది ఫోన్లో చదివే సందేశం, నలభై మాటలు దాటకూడదు”, “పంట దశల పేర్లు, మోతాదులు, రోజుల లెక్క మార్చకూడదు” అని చెబితే ఫలితం వేరుగా ఉంటుంది. సూచన ఇచ్చేవారు మూడు సంగతులు చెబితే చాలు: చదివేది ఎవరు, చదివాక వారు ఏమి చేయాలి, ఏ మాట కదలకూడదు. చెప్పకపోతే తీసుకునేవారు అడగాలి. మన కార్యాలయాల్లో, బడుల్లో ఈ అడగడమే కరువైంది. అడిగితే తెలివితక్కువగా కనిపిస్తామన్న జంకు ఒకటి, పెద్దవారు చెప్పినదాన్ని తిరిగి ప్రశ్నించినట్టు ఉంటుందన్న మొహమాటం ఇంకొకటి. “ఎవరి కోసం అండీ?” అన్న మూడు మాటల ప్రశ్న అడిగితే గంటల శ్రమ తప్పుతుంది.

పర్యాయపదాలు తిరగరాతలో అసలే పనికిరావని దీని అర్థం కాదు. ‘వ్యాధి సంక్రమణ నివారణార్థం హస్త ప్రక్షాళన ఆవశ్యకం’ అన్న వాక్యాన్ని ‘జబ్బు సోకకుండా చేతులు కడుక్కోవాలి’ అని మార్చినప్పుడు దాదాపు ప్రతి మాటా పర్యాయమే. అది మంచి తిరగరాత, ఎందుకంటే మార్పు అంతా చదివేవారి వైపే నడిచింది. గిడుగు రామమూర్తి వ్యావహారికం కోసం చేసిన పోరాటంలో ఉన్న దిశ కూడా అదే: మాట చదివేవారి దగ్గరికి రావాలి. దిశ ఉన్నప్పుడు పర్యాయపదం పనిముట్టు. దిశ లేనప్పుడు అదే పనిముట్టు వాక్యాన్ని చీలుస్తుంది.

మొదట చెప్పిన కరపత్రం దగ్గరికే మళ్లీ వద్దాం. “మార్చి రాయండి” అన్నవారిని “ఎవరికి?” అని అడిగితే, “రైతుల ఫోన్లకు సందేశంగా పంపాలి” అన్నారనుకుందాం. అప్పుడు పాఠం ఇలా వస్తుంది: “వరి చిరుపొట్టలో ఉంటే పొలంలో నీరు తగ్గనివ్వకండి. ఎద్దడి వస్తే తాలు పెరుగుతుంది. కోత పది రోజులుందనగా నీరు తీసేయండి.” ఇక్కడ ఒక్క వ్యవసాయ పదం కూడా మారలేదు. వాక్యాలు పొట్టివయ్యాయి, ‘చూడాలి’ అన్న దూరపు సలహా ‘తగ్గనివ్వకండి’ అన్న దగ్గరి మాట అయింది. అదే “నగరంలో పెరిగిన పిల్లల పాఠానికి” అని జవాబు వస్తే ఇలా ఉండవచ్చు: “బియ్యపు గింజలు ఉండే వెన్ను బయటికి రాకముందు వరి మొక్క కాండం లోపలే దాగి పెరుగుతుంది. అప్పుడు మొక్క పైభాగం కొంచెం ఉబ్బుతుంది. రైతులు దీన్ని పొట్ట దశ అంటారు, అది మొదలయ్యే సమయాన్ని చిరుపొట్ట అంటారు. ఆ రోజుల్లో నీరు చాలకపోతే చాలా గింజల్లో పాలు పోసుకోవు, లోపల ఏమీ లేని పొట్టు మాత్రమే మిగులుతుంది. అలాంటి గింజలను తాలు అంటారు. గింజ ముదిరి కోతకు పది రోజులు ఉందనగా పొలంలోని నీరు తీసేస్తారు. నేల ఆరితేనే కోత కోయడానికి వీలవుతుంది.” ఈ పాఠం మూలానికి రెండింతలకు పైగా పెరిగింది. వాక్యాల వరస మారింది, కారణాలు చేరాయి, నగర పిల్లలకు తెలియని ప్రతి మాటకూ పక్కనే వివరణ వచ్చింది. చిరుపొట్ట, తాలు, కోత అన్న మాటలు మాత్రం మూలంలో ఉన్నట్టే ఉన్నాయి.